లింబాద్రిని కుట్టిన కోన్ నత్త

లింబాద్రి ఆ నత్తను నన్ను అడిగే చేతిలోకి తీసుకున్నాడు. నేను ప్రిన్సిపాల్‌కు రాసిచ్చిన రిపోర్టులో ఈ ఒక్క మాట లేదు. ఆ కాగితం కాలేజీ బీరువాలో ఇంకా ఉండొచ్చు. దాని పక్కన ఇదీ ఉండాలని రాస్తున్నాను.

1964లో నేను నిజామాబాద్‌లోని ఒక కాలేజీలో జువాలజీ డిమాన్‌స్ట్రేటర్‌ని. ప్రాక్టికల్స్ చేయించి, రికార్డులు దిద్దే ఉద్యోగం. ఏటా ఆఖరి సంవత్సరం విద్యార్థులను రామేశ్వరం వైపు సముద్రతీరానికి టూరు తీసుకుపోయేవాళ్లం. అక్కడ ఏరిన ప్రాణులను ఫార్మలిన్ పోసిన సీసాల్లో భద్రపరచాలి. వాటినే స్పెసిమెన్లు అంటాం. ఒడ్డున పడి వెలిసిపోయిన గుల్లలకు నేను సగం మార్కులే వేసేవాణ్ని. అందుకని అందరూ బతికున్నవాటి కోసం నీళ్లలో వెతికేవాళ్లు.

వర్ని అనే ఊరి రైతు కొడుకు లింబాద్రికి రాయి కింద ఒకటి దొరికింది. పసుపు గుల్ల, దాని మీద వల పరిచినట్టు గోధుమరంగు గీతలు.

"సార్, గిది ముట్టొచ్చా?"

"నత్తకు గుడ భయపడ్తవారా పటేలా!" అని తోటివాళ్లు నవ్వారు.

నేనూ నవ్వాను. "పట్టుకో. మన కాలువల నత్తలాంటిదే, ఏం గాదు."

నిజాంసాగర్ కాలువ పక్కన పెరిగిన మాకు, నత్త అంటే తాకగానే ముడుచుకుపోయేది. ఇది ముడుచుకోలేదు. సన్నని కొస నుంచి తొండం చాపి అతని వేలిని పొడిచింది. కోన్ నత్త వేటాడే ప్రాణి. దాని పన్ను సూదిలా బోలుగా ఉంటుంది, దాంతోనే విషం ఎక్కిస్తుంది. ఇదంతా నేను తిరిగొచ్చాక చదివాను. కాసేపటికే అతని పెదవులు మొద్దుబారాయి, ఊపిరి బరువైంది. ఈ విషానికి విరుగుడు లేదన్నారు డాక్టర్లు. రెండు రోజులు ఆసుపత్రిలో కనిపెట్టుకుని ఉన్నాం. బతికాడు.

నా ఉద్యోగం ఇంకా పర్మనెంటు కాలేదు. ప్రిన్సిపాల్ అడిగితే, వద్దన్నా వినకుండా ముట్టుకున్నాడని రాసిచ్చాను. నేను పట్టుకోమనడం విన్న విద్యార్థుల రికార్డులు నా సంతకం కోసం నా బల్ల మీదే ఉన్నాయి. వాళ్లు నోరు విప్పలేదు.

లింబాద్రి తండ్రిని పిలిపించారు.

"సదువుకోమని తోలిస్తే సార్ల మాట ఇనవారా?"

"సారే పట్టుకోమన్నడు బాపు."

"తప్పు జేసి సార్ మీదికి తోస్తున్నవా? సిగ్గుండాలె!"

నేను సీసాకు లేబుల్ రాస్తున్నట్టు తల వంచుకున్నాను. ఆయన ఆ రోజే కొడుకును కాలేజీ మాన్పించి వెంట తీసుకుపోయాడు.

అప్పటి నుంచి, ఎరగని ప్రాణి ఎదురైతే "నాకు తెలియదు, ముట్టకండి" అని క్లాసులో చెప్పడం అలవాటు చేసుకున్నాను. అది తేలికగానే వచ్చింది. చెప్పాల్సిన ఇంకో మాటకు పదకొండేళ్లు పట్టింది.

1975లో బోధన్ చక్కెర ఫ్యాక్టరీ ముందు, చెరకు బండ్ల వరుసలో తండ్రీకొడుకులు కనిపించారు. లింబాద్రిని పక్కకు పిలిచి క్షమించమన్నాను.

"నాకు ఎర్కే గద సార్. బాపుకు చెప్పుండ్రి."

ముసలాయన బండి నొగ మీద కూర్చుని ఉన్నాడు. చుట్టూ ఉన్న బండ్లవాళ్లకూ వినపడేట్టు చెప్పాను.

"కాకా, ఆ నత్తను పట్టుకోమన్నది నేనే. నీ కొడుకు నిజమే చెప్పిండు. అబద్ధం రాసింది నేను. తప్పయింది, నన్ను క్షమించు."