ఏడు లోకాలూ, అమ్మమ్మ వదిలిన అంగుళం గుడ్డా

మా అమ్మమ్మ దర్జీ. బిగుతైనవి వదులు చేస్తుంది, వదులైనవి బిగిస్తుంది. నేను పదో తరగతి రెండుసార్లు తప్పి, వారపత్రికకు సినిమా సమీక్షలు రాసే మేధావిని. ఎవరి పని నలుగురికి పనికొస్తుందో మీకే వదిలేస్తున్నాను.

ఆ వారం సంపాదకుడు ఫోనులో తేల్చి చెప్పాడు. "ఈసారి కూడా చదివేవాళ్లకి అర్థం కాకపోతే, నీ చోట వంటింటి చిట్కాలు వేసుకుంటాం."

తీరా అమ్మమ్మని తోడు తీసుకెళ్లి చూస్తే, ఆ వారం రాయాల్సిన సినిమాలో తల్లికి లిఫ్టు తలుపు తెరుచుకున్నప్పుడల్లా కొత్త లోకం. ఒకచోట గాయని, ఒకచోట దొంగ, ఇంకోచోట దయ్యం. కాసేపు నవ్వులు, కాసేపు తన్నులాట, కాసేపు ఏడుపు. ఇలా ఏడు లోకాలు. ఎక్కడికెళ్లినా కూతురికి ఆమె మీద కోపమే. నేను మూడో లోకంలోనే దారి తప్పాను. పక్క సీట్లో అమ్మమ్మ మాత్రం కళ్లద్దాలు తుడుచుకుంటూ చూసింది. మధ్యలో "దొంగ చొక్కాకి భుజం జారింది!" అని గట్టిగా అనేసరికి ముందు వరసంతా వెనక్కి తిరిగింది.

మర్నాడు పొద్దున్నే దుకాణంలో నా సమీక్ష చదివి వినిపించాను. "అస్తిత్వపు అనంత ప్రతిబింబాల సంక్లిష్ట..."

"ఆగవే పండితురాలా! ఎవర్ని తిడుతున్నావ్?"

"తిట్టడం కాదమ్మమ్మా, మెచ్చుకుంటున్నా."

"అలాగా! మరి సినిమాలో ఆ కూతురు ఎందుకేడ్చిందో రాశావా?"

రాయలేదు. తెలిస్తేగా.

అమ్మమ్మ చేతిలో ఒక స్కూలు గౌను ఉంది. పిల్లలకు ఏది కుట్టినా లోపలి మడతలో అంగుళం గుడ్డ వదలడం ఆమె అలవాటు. పిల్ల పెరిగితే కుట్టు విప్పి వదులు చేయొచ్చు. ఆ కుట్టే విప్పుతూ అంది:

"ఆ తల్లి ఏ లోకంలోనైనా కూతురికి సరిగ్గా కొలతకే కుట్టింది. పెరుగుతుందనుకోలేదు. పిల్లకి ఊపిరాడలేదు. చివర్లో ఒక్క కుట్టు విప్పింది. అంతేగా కథ!"

"మరి నాకెంత వదిలావ్?"

"నీకు అంగుళమేం సరిపోతుందే, తానంత గుడ్డ వదిలా. నువ్వే ఇంకా పెరగట్లేదు."

రాసిన రెండు కాగితాలూ చింపేసి, ఆమె మాటలే రాసి పంపాను. సాయంత్రానికి సంపాదకుడి ఫోను. "నీ శీర్షిక ఉంటుంది. కానీ ఇదెవరు రాశారు?"

నిజం చెప్పేశాను.

"అయితే ఇకమీదట ఆవిడనే రాయమను."

అడిగాను. అమ్మమ్మ తలెత్తకుండానే, "నాకు తీరికెక్కడిదే? నువ్వే రాసుకో. ఎలాగూ నీకు కాజాలు కుట్టడం రాదుగా" అంది.