ఆవాల డబ్బాలో హిమాలయం

ముందే చెబుతున్నాను, నాది గోరంతను కొండంత చేసే నోరు. సగం తగ్గించుకుని చదవండి.

హిమాలయాల్లో పూసే కొలంబైన్ అనే అరుదైన అడవిపువ్వు విత్తనాలను మిత్రుడొకడు తెచ్చిచ్చాడు. చలి తగిలితేగాని అవి మొలకెత్తవట. మా పెనుకొండ ఎండకు బండరాళ్లే చెమటలు కక్కుతాయి కదా! అందుకే ఖాళీ ఆవాల డబ్బాలో పోసి ఫ్రిజ్‌లో దాచాను. కుదురు లేక రోజుకు వందసార్లు తీసి చూసేవాణ్ణి.

ఆదివారం పొద్దున ఉగ్గాణి తింటుంటే పంటికింద నల్లగా ఏదో కరకరమంది.

"ఏమే, ఈ ఆవాలు యాడివి?"

"ఫ్రిజ్‌లో డబ్బావి. చిటపటమనల్యా, పాడైనట్టుండాయి," అంది నా భార్య, తనూ తింటూ.

ఫోన్‌లో వెతికితే ఆ విత్తనాలు విషమని ఉంది. ఆమెను బండెక్కించుకుని ఆసుపత్రికి విమానంలా ఎగిరాను. నా కన్నీళ్లకు దారిలోని చెరువు నిండి మరవ పారింది.

"ఏమయ్యా, పూలు పోయినాయని ఏడుస్తాండావా?" అంది వెనక నుంచి.

"మరి? మళ్లా యాడ దొరుకుతాయి?" అన్నాను.

డాక్టరు ఇద్దరినీ మధ్యాహ్నం దాకా కూర్చోబెట్టి, తిన్నది కొంచెమే, భయం లేదని పంపేశాడు.

ఇందులో చెరువు సంగతి కూడా ఇంచుమించు నిజమే. నేను కల్పించింది ఒక్కటే, పూల కోసం ఏడ్చానన్న మాట.