మజ్జిగ తెచ్చినామె ఏమంది?

మా తెలుగు మేడం పోయారన్న కబురు నాకు బస్సులో తెలిసింది. నేను ఉండేది నంద్యాలలో, పాఠాలు చెప్పేది ఆళ్లగడ్డలో ఒక జూనియర్ కాలేజీలో. ఆ పొద్దున కూడా సీటు దొరక్క కమ్మీ పట్టుకుని నిలబడ్డాను. ఆడవాళ్లకు టికెట్టు డబ్బులు తీసేసినప్పటినుంచి ఈ బస్సులో సీటు దొరకడం గగనమే. కండక్టరు పాతాయన. కార్డు చూపించమని అడక్కుండానే సున్నా టికెట్టు చేతిలో పెట్టి, గొంతు తగ్గించి, “మీ మేడం ఎల్లిపోయిందంట గదమ్మా, తెల్లారుజామున. నీకెవురూ చెప్పలేదా?” అన్నాడు.

ఎవరూ చెప్పలేదు. ఆయన పక్కవాళ్లకు టికెట్లు కొడుతూ ముందుకు జరిగాడు. ఆళ్లగడ్డ దాకా నిలబడే పోయాను. ఏడుపు రాలేదు. నిజం చెప్పాలంటే మొదట వచ్చింది అలుపు. ఆమె మంచం పట్టినప్పటినుంచి ఏదో ఒకరోజు ఈ మాట వినాల్సి వస్తుందని తెలుసు. తెలిసినా సరే, ఒళ్లంతా ఒక్కసారిగా బరువెక్కింది.

కండక్టరుకు మేడం తెలియడంలో వింత లేదు. ఆమె ఇల్లు ఆళ్లగడ్డలో, ఉద్యోగం నంద్యాలలో డిగ్రీ కాలేజీలో. రిటైరయ్యేదాకా ఈ దారినే పోతూ వస్తూ బతికారు. కిటికీ పక్కన కూర్చుని, బస్సు ఊరు దాటకముందే నిద్రపోయేవారు. నేను కూడా అప్పట్లో ఆళ్లగడ్డ నుంచే కాలేజీకి పోయేదాన్ని. ఆమెను లేపే పని నాది. లేపితే కళ్లు తెరిచి, “వచ్చేసినామా?” అని, కుచ్చిళ్లు సర్దుకుని దిగి, నేరుగా క్లాసుకు వచ్చి పాఠం మొదలుపెట్టేవారు. ఇంట్లో అత్త, మామ, ఇద్దరు పిల్లలు, విత్తనాల అంగడి నడిపే భర్త. అందరికీ వండి, సర్ది, అప్పుడు బస్సెక్కేవారు. ఆ నిద్ర దేనికో నాకు పెళ్లయ్యాక గాని అర్థం కాలేదు.

మా నాన్న బస్టాండు దగ్గర గడియారాలు బాగుచేసేవారు. ఇంట్లో ఉర్దూ మాట్లాడే పిల్ల డిగ్రీలో తెలుగు సాహిత్యం తీసుకోవడమేమిటని మావాళ్లందరికీ అనుమానం. మేడం ఒకరోజు గడియారం బెల్టు మార్పించుకోవడానికి వచ్చి, “ఈ పాప బాగా అడుగుతాది. సదవనీయప్పా” అని మా నాన్నకు చెప్పిపోయారు. బాగా చదువుతుందని అనలేదు, బాగా అడుగుతుందన్నారు. ఆ తేడా ఏమిటో మా నాన్నకు తెలియలేదు. నాకూ వెంటనే తెలియలేదు.

ఆమె చెప్పిన పాఠాల్లో నాకు బాగా నిలిచిపోయినవి తొలినాటి కథలు. మన భాషలో చిన్నకథ కొత్తగా నడక నేర్చుకుంటున్న రోజుల్లో రాసినవి. వాటిలో ఒక కథలో భార్యను వదిలేసి ఊళ్లు తిరిగిన మగడు ఇంటికి తిరిగొస్తాడు. ఊరి పెద్దలు అరుగు మీద కూర్చుని అతనికి గడ్డి పెడతారు. అతను తల వంచుకుని తప్పు ఒప్పుకుంటాడు. భార్య లోపలినుంచి అందరికీ మజ్జిగ తెచ్చి ఇస్తుంది. ఆమె కళ్లలో ఆనందబాష్పాలు. అక్కడితో అయిపోతుంది. మాకందరికీ నచ్చింది. చెడ్డవాడు మారాడు, ఆమెకు న్యాయం జరిగింది, ఇంకేం కావాలి?

మేడం బల్ల కింద చెప్పులు విడిచి, పుస్తకం మూసి, “మజ్జిగ తెచ్చినామె ఏమంది?” అని అడిగారు.

మేం పేజీలు తిప్పాం. ఆమె కథ మొత్తంలో ఒక్క మాట కూడా అనలేదు. “ఏమీ అనలేదు మేడం, సంతోషంతో ఏడ్చింది” అన్నాడు ఒకబ్బాయి.

“సంతోషమని నీకెవురు చెప్పినారు?”

“కథ రాసినాయన మేడం.”

“ఆయన యాడ కూచోనుండాడు అప్పుడు?”

అతను పేజీ మళ్లీ చూసి, “అరుగు మీదనే ఉన్నట్టుండాడు మేడం” అన్నాడు. క్లాసంతా నవ్వింది. మేడం నవ్వలేదు. బాగా చెప్పావన్నట్టు తల ఊపారు.

అలాగని ఆ రచయితలను ఆమె ఎన్నడూ తిట్టలేదు. “మంచోళ్లే. ఆడోళ్ల తరఫునే రాసినారు. ఆ కాలంలో అంతమాత్రం రాయడమే గొప్ప. కాని తీర్పు చెప్పే కుర్చీ మటుకు దిగలేదు” అనేవారు. ఆ కథల్లో మారడం మగవాడి వంతు, ఓర్చుకోవడం ఆడదాని వంతు అని మాకు చూపించింది ఆమే. మారినవాడికి మెప్పు దొరుకుతుంది. ఓర్చుకున్నామెకు మారిన మొగుడు దొరుకుతాడు. “ఓర్చుకోవడాన్ని పని అని ఎవురూ అనరు. అన్నిటికంటే ఎక్కువసేపు చేసే పని అదే” అన్నారొకసారి. ఆరోజు ఆమె మధ్యాహ్నం తినకుండానే మూడు క్లాసులు చెప్పి ఉన్నారు.

ఇదంతా పుస్తకంలో మాట. మా ఆఖరి ఏడాది అది పుస్తకం దాటి బయటికి వచ్చింది.

మా క్లాసులో ఉయ్యాలవాడ వైపు పల్లె నుంచి వచ్చే అమ్మాయి ఒకతె ఉండేది. రెండో ఏడాదిలో పెళ్లయింది. ఆ తర్వాత కొన్నాళ్లకు కాలేజీకి రావడం మానేసింది. ఒక మధ్యాహ్నం బట్టల సంచీతో ఆటో దిగి మేడం ఇంటి ముందు నిలబడింది. చెంప వాచి ఉంది. పరీక్ష ఫీజు కట్టాలన్నందుకు మొగుడు కొట్టాడట. పుట్టింటికి పోతే తండ్రి గడప ఎక్కనీయలేదట. మేడం ఆ పూట ఇంకేమీ అడక్కుండా అన్నం పెట్టి, తమ ఇంట్లోనే ఉంచుకున్నారు.

చిక్కు అక్కడే వచ్చింది. ఆ అమ్మాయి మామ, మేడం భర్త అంగట్లో ఎన్నో ఏళ్లుగా విత్తనాలు కొనే రైతు. ఆయన మాట మీద వాళ్ల ఊరి వాళ్లందరూ అక్కడే కొంటారు. ఊరివాళ్ల సంసారంలో మనం తలదూర్చడమేందని ఇంట్లో రోజూ గొడవ. చివరికి పంచాయతీ పెట్టారు. ఒక గుడ్డల అంగడి మేడ మీద పెద్దమనుషులు చేరారు. మేడం భర్త కూడా వాళ్లలో ఒకరు. అమ్మాయిని తీసుకురమ్మని కబురొస్తే మేడం వెంటబెట్టుకుని బయలుదేరి, ఆ పిల్లకు తోడుగా ఉంటుందని నన్నూ రమ్మన్నారు.

పెద్దమనుషులు పరుపు మీద కూర్చున్నారు. మేం ముగ్గురం మెట్ల దగ్గర నిలబడ్డాం. వ్యవహారం తొందరగానే తేలిపోయింది. అందరూ కలిసి ఆ మొగుణ్ణి తిట్టారు. అతను తల వంచుకుని తప్పయిపోయిందన్నాడు. పిల్లను కాపురానికి తీసుకుపోవాలి, పరీక్ష రాయనీయాలి అని తీర్పు చెప్పారు. అందరి ముఖాల్లో తేలిక కనబడింది. ఒకాయన ఆ అమ్మాయి వైపు తిరిగి, కింద టీ చెప్పి తీసుకురామ్మా, తాగి లేద్దాం అన్నాడు. ఆమె మెట్ల వైపు తిరిగింది.

మేడం ఆమె మణికట్టు పట్టుకుని ఆపారు. “ఆ పిల్ల మాట ఇంకా ఎవురూ అడగలే” అన్నారు. గట్టిగా కూడా అనలేదు.

ఆమె భర్త తల ఎత్తారు. “ఏమున్నా ఇంట్లో మాట్లాడుకుందాం. నువ్వు కిందికి పో.”

“పోతా. ఆ పిల్ల చెప్పినాంక పోతా.”

నలుగురిలో ఆయనకు ఎదురు చెప్పడం నేను చూడటం అదే మొదలు. ఆ మాటకు ఇంట్లో ఎంత మూల్యం ఉంటుందో ఆమెకు తెలుసు. అయినా ఆ పిల్ల మణికట్టు వదల్లేదు. గొడవ పెరగడం ఎందుకనుకున్నాడేమో, ఒక పెద్దాయన, “సరే, ఏందమ్మా నీ మాట?” అని అడిగాడు.

పోను అంటుందని నేను అనుకున్నాను. మేడం కూడా అదే అనుకుంటున్నారని ఆమె ముఖం చూస్తే తెలిసింది.

“పోతా. ఆయప్పతోనే పోతా” అంది ఆ అమ్మాయి.

ఎవరో చిన్నగా నవ్వారు. మేడం భర్త, ఇన్నావు గదా అన్నట్టు భార్య వైపు చూశారు. అయితే ఆ అమ్మాయి ఇంకా పూర్తిచేయలేదు.

“మా నాయన రానీడు. మేడం ఇంట్లో ఎన్నాళ్లుంటా? అందుకే పోతాండా. తప్పయిందని ఆయప్ప అన్నందుకు కాదు. పరీక్ష రాస్తా. ఇంకోసారి చెయ్యెత్తితే ఈ మేడకు రాను, పోలీసోళ్ల దగ్గరికి పోతా. అందరి ముందరా చెప్తాండా.”

తర్వాత ఎవరూ నవ్వలేదు. టీ సంగతి కూడా ఎవరూ ఎత్తలేదు.

ఆ సాయంత్రం మేడం వంటింట్లో బియ్యం కడుగుతుంటే నేను గడప మీద కూర్చున్నాను. ఆమే అన్నారు. “నేను ఇంకో మాట కోసం కాచుకోనుంటి పాపా. పోను అంటాదని. ఆ పిల్ల తన మాట తను చెప్పింది.” గిన్నె వంచి నీళ్లు పారబోశారు. “నేనూ ఆ కుర్చీలోనే కూచున్నా, చూడు.”

మేడం భర్త వచ్చి, మాట్లాడకుండా తిని లేచిపోయారు. అలా నెలల తరబడి సాగిందని, ఆ పల్లె వాళ్లు అంగడికి రావడం మానేశారని తర్వాత ఆమె అత్త చెబితే తెలిసింది. మేడం నాతో అనలేదు.

పాఠం మాత్రం మారింది. అంతకుముందు, కథలో మజ్జిగ తెచ్చినామె ఏమనాల్సిందో చివరికి మేడమే చెప్పేవారు. ఆ తర్వాత చెప్పడం మానేశారు. అడిగి, ఊరుకునేవారు. గంట కొట్టేదాకా ఊరుకునేవారు. పిల్లలు విసుక్కునేవాళ్లు. ఇప్పుడు నేను బల్లకు ఇవతల నిలబడి చేసి చూస్తే తెలుస్తోంది, జవాబు నోట్లో పెట్టుకుని ఊరుకోవడం ఎంత కష్టమో.

ఆ అమ్మాయి పరీక్ష రాసింది. కొన్నేళ్లకు అతను మళ్లీ చెయ్యెత్తాడు. ఆమె అన్నంత పనీ చేసింది. దాంతో అన్నీ చక్కబడిపోలేదు. కోర్టు చుట్టూ చాలా ఏళ్లు తిరిగింది. సెలవు దొరికినప్పుడల్లా మేడం తోడు వెళ్లేవారు. చివరికి విడిగా, కూతురితో కోయిలకుంట్లలో ఉంటూ ఒక చిన్న బడిలో చదువు చెబుతోంది. గెలిచిందని నేను అనలేను. గెలిచావా అని ఆమెనూ ఎప్పుడూ అడగలేదు.

మేడంకు మూత్రపిండాలు చెడిపోయాక వారానికి రెండుసార్లు నంద్యాలకు రక్తం శుద్ధి చేయించుకోవడానికి వచ్చేవారు. తిరుగుదారిలో ఒక్కోసారి మా ఇంటికి తీసుకొచ్చేదాన్ని. పోయిన వేసవిలో వచ్చినప్పుడు నేనే నా గోడు వెళ్లబోసుకున్నాను. పిల్లలు చదవడం లేదు, అదే కథ, అదే చోట నవ్వు, ఇంటికొస్తే మళ్లీ పొయ్యి. నాకు చేతకావడం లేదన్నాను. ఆమె కళ్లు మూసుకునే విని, “అలుపొస్తే కూచో పాపా. కూచోని అడుగు. అడగడం మటుకు మానొద్దు” అన్నారు. కాసేపటికి నిద్రపోయారు. నేను ఫ్యాను తగ్గించి, పక్కనే కూర్చున్నాను.

కండక్టరు కబురు చెప్పిన రోజు బస్సు దిగి నేరుగా మేడం ఇంటికే పోయాను. వసారాలో అద్దాల పెట్టెలో పడుకోబెట్టారు. కోయిలకుంట్ల నుంచి మా స్నేహితురాలు కూతురిని తీసుకుని వచ్చింది. ఇద్దరం ఒక మూల కూర్చున్నాం. మధ్యాహ్నం దాటాక మగవాళ్లు ఎత్తుకుపోయారు. ఆడవాళ్లు ఇల్లు కడిగారు.

పొద్దు వాలాక మేడం భర్త శ్మశానం నుంచి తిరిగొచ్చి స్నానం చేశారు. తడి తలతోనే పెరట్లోకి పోయారు. అక్కడ తీగ మీద ఆమె నూలుచీర ఒకటి ఉంది. ముందురోజు ఎవరో ఉతికి ఆరేసింది, ఈ హడావిడిలో ఎవరూ తీయలేదు. ఆయన దాన్ని లాగి మడత పెట్టబోయారు. ఒక అంచు గడ్డం కింద నొక్కిపట్టుకుని, రెండు చేతులూ బార్లా చాపి, రెండో అంచు కోసం వెతుక్కున్నారు. చీర జారి కడిగిన బండల మీద పడింది. వదిలేయన్నా, ఎవరికన్నా ఇచ్చేసేదే గదా అని లోపలినుంచి ఆయన చెల్లెలు అంది. ఆయన వినిపించుకోలేదు. వంగి, చీర తీసి, తడి అంటిన చోట దులిపి, మళ్లీ మొదటి అంచు గడ్డం కింద పెట్టుకున్నారు.