రేవులో విన్న బడ్జెట్

బడ్జెట్ రోజున టీవీలో సభ్యులు బల్లలు చరుస్తుంటే నాకు కొత్తపేట అవతల ఒక గోదావరి రేవు గుర్తొస్తుంది.

ఆ రోజు లంకకు వెళ్లే పడవ నిండేదాకా ఆగాల్సి వచ్చింది. ఊసుపోక ఫోన్‌లో బడ్జెట్ ప్రసంగం పెట్టుకున్నాను. పక్కన కూర్చున్న పెద్దావిడ నా వైపు జరిగింది.

"మా లంక వంతెన పేరు చదివేరాండీ?"

"ఇంకా లేదండీ. ఇంతకుముందు చదివారా?"

"ఆయ్. రెండేళ్ల కిందట చదివేరండి. మావారు ఊరంతా పూతరేకులు పంచేరు. వంతెనొచ్చేత్తంటే ఇంక పడవెందుకని మా సొంత పడవ అమ్మేసేరు. ఆ ఏడు వరదల్లో ఆయనకి గుండెనొప్పొచ్చిందండి. రేవులో పడవలాపేసేరు. మా పడవుంటే ఎలాగోలా దాటించేవోళ్లం. ఆయన గట్టు మీదే పోయేరండి."

ఫోన్ కట్టేయబోయాను. ఆవిడ నా చెయ్యి పట్టుకుని ఆపింది.

"ఉంచండి బాబూ, విందాం."

పడవ నది మధ్యకు వచ్చేసరికి ప్రసంగంలో ఆ వంతెన పేరు వినబడింది. మళ్లీ నిధులు కేటాయించారట. సభలో బల్లలు చరిచారు. పడవలోవాళ్లు చప్పట్లు కొట్టారు. గెడ వేస్తున్న పడవతను కూడా నవ్వాడు.

"ఇంక నాకు సెలవేనండి పిన్నిగారూ!"

ఆవిడ నవ్వలేదు. పడవ అంచు మీద అరచెయ్యి ఆన్చి అతనివైపు చూసింది.

"పడవ మాత్రం అమ్మకు నాయనా."