పారిపోయిన ముత్తాత కోసం సూర్ దాకా

గల్ఫ్‌లో ఉండే సూర్‌కి కొందరు సముద్రం కోసం వెళ్తారు, కొందరు తాబేళ్ల కోసం వెళ్తారు. నేను మా అవ్వ వాళ్ల నాయన కోసం వెళ్లాను. ఆయన పేరు ఓబులేసు. రెండో పెద్ద యుద్ధంలో తెల్లోళ్ల పట్టాళంలో చేరి మళ్లీ రాలేదు. చచ్చిపోయాడని కాగితం రాలేదు, బతికున్నాడని కార్డూ రాలేదు. దాంతో జమ్మలమడుగు దగ్గర మా ఊరే కోర్టయి, పారిపోయాడని తీర్పు చెప్పేసింది. ఎనభై దాటినా మా అవ్వను ఇప్పటికీ "పారిపోయినోని కూతురు" అనే అంటారు. ఈమధ్య ఆమె మంచం పట్టింది. "నేను పొయ్యేలోపల మా నాయన పారిపోయినాడో లేదో తేల్చి చెప్పు మే" అని నాకు పని పెట్టింది. నేనేమో గల్ఫ్‌లోనే అల్ హైల్‌లో ఒక ఇంట్లో వంటపని చేసుకునేదాన్ని.

ఇంట్లో మిగిలిన ఒక మనియార్డరు ముక్క మీద ఆయన డివిజను నంబరు ఉంది. దాన్ని ఫొటో తీసి ఇక్కడి తెలుగువాళ్ల వాట్సాప్ గ్రూపులో పెట్టాను. రెండో రోజే సూర్ నుంచి వెంకట్రావుగారు ఫోన్ చేశారు. రాజమండ్రి వైపు మనిషి. మిలిటరీలో గుమాస్తాగా రిటైరై ఇక్కడ ఒక కంపెనీ క్యాంపులో సెక్యూరిటీ సూపర్‌వైజరుగా ఉన్నారు. వాళ్ల తాతగారిది అదే డివిజనట, ఇంటర్నల్ సెక్యూరిటీ డివిజను అంటారట. దాని చరిత్ర పుస్తకం, చివర్లో పేర్ల లిస్టులతో సహా ఆయన దగ్గరుంది.

"పేర్లుండే పేజీలు ఫొటో తీసి పంపండి సార్" అన్నాను.

"చరిత్రని ఫొటో తీసి పంపరమ్మా. వచ్చి, కూచుని వినాలి."

శుక్రవారం మా మేడమ్ వాళ్లు పెళ్లికి నిజ్వా పోతుంటే నాకు సెలవు దొరికింది. పొద్దుగూకే మగ్రిబ్ నమాజుకల్లా ఇంట్లో ఉండాలని షరతు. పొద్దున ఐదున్నరకు షేరింగ్ టాక్సీ ఎక్కి బస్టాండుకు చేరాను. ఆరున్నరకు బస్సు. మీరు వెళ్తే రెసిడెంట్ కార్డు చేతిలోనే పెట్టుకోండి, ఒక స్వెట్టర్ కూడా. బయట నిప్పులు చెరుగుతుంటే బస్సులో పళ్లు కొట్టుకునేంత ఏసీ.

పక్క వరసలో జగిత్యాల నుంచి వచ్చిన మల్లయ్య అనే అన్న కూర్చున్నాడు. మబేలాలో బావమరిదిని చూసి సూర్‌లో మేస్త్రీ పనికి తిరిగి పోతున్నాడు.

"ఏడికి చెల్లె?"

"సూర్‌కన్నా. మా ముత్తాతను ఎతుక్కోను పోతాండా."

"ముత్తాతకు గూడ వీజా దొరికిందా?"

కథంతా చెప్పాను. ఇంటర్నల్ సెక్యూరిటీ డివిజను అనగానే తల ఊపాడు. "మా సైట్ల గూడ గదే ఉన్నది. బయటి దొంగల జోలికి పోరు. డ్యూటీ దిగంగ మా టిఫిన్ డబ్బలిప్పి చూస్తరు."

దారిలో ఖురియాత్ దగ్గర పావుగంట ఆపారు. చాయ్, పరాటా. అక్కడి నుంచి ఒక పక్క చెట్టన్నది లేని కొండలు, ఇంకో పక్క సముద్రం. చూసినంత సేపు బాగుంది, తర్వాత నిద్రపోయాను.

పదిన్నరకు సూర్‌లో దిగాను. వెంకట్రావుగారు ఇస్త్రీ చొక్కాలో ఎదురొచ్చి క్యాంపు ఆఫీసుకు తీసుకెళ్లారు. బల్ల మీద చేపల కూర మూత పెట్టి ఉంది. దాని పక్కన ప్లాస్టిక్ కవరు చుట్టిన లావుపాటి ఇంగ్లీషు పుస్తకం.

"లిస్టు ఒక్కటి చూస్తా సార్."

"లిస్టు చివర్లో. భోజనం దాని తర్వాత. ముందు మొదటి అధ్యాయం."

రెండు గంటల పైనే చదివారు, తెలుగులో చెప్పుకుంటూ. ఆ డివిజను హెడ్డాఫీసు మారినన్ని ఇళ్లు మా ఊళ్లో ఎవరూ మారి ఉండరు. తుపాకులొచ్చాయి, తూటాలు ఇంకో ఊరికి పోయాయి. ఆర్నెల్లు కంచర గాడిదల కోసం ఎదురుచూశారు. అవి వచ్చాక వాటి మేత కోసం ఇంకో ఆర్నెల్లు. ఆకాశం నుంచి శత్రువు పారాచూట్‌తో దిగాడని ఒక కంపెనీ సిపాయిలు మొత్తం చెరకుతోటను చుట్టుముట్టి, పట్టుకున్నది ఎవరో ఆరేసుకున్న పంచెను. అయినా ఆ పేజీలో మెచ్చుకోలు ఉంది, చుట్టుముట్టిన పద్ధతి బాగుందని.

"ఏంది సార్, ఒక్క యుద్ధం గూడా ల్యా? మరి తుపాకులెందుకు?"

"జనం లేరేంటమ్మా! ఎవడు రైలు పట్టాలు పీకుతున్నాడో, ఎవడు జెండా ఎగరేస్తున్నాడో చూసుకోవద్దా?"

"అంటే మనోళ్ల మీదనే కాపలానా?"

"ఇంటర్నల్ అంటే మరేంటనుకున్నావ్?" అని ఆయనే కొంచెం చిన్నబోయారు. "మా తాతగారు పెన్ను తప్ప ఏం పట్టలేదులే" అన్నారు.

చివరికి లిస్టులు. మొదట పారిపోయినవాళ్లది, మూడు పేజీలు. నేను టెన్త్ దాకా చదివాను, ఇంగ్లీషు వేలు పెట్టి చదవాల్సిందే. ఒక ఓబులేసు కనపడగానే వేలు అక్కడే నొక్కిపెట్టాను. ఆ ఓబులేసుది అనంతపురం వైపు ఊరు. వెంకట్రావుగారు కూడా కళ్లద్దాలు తుడుచుకుని మళ్లీ చూశారు. మావాడు లేడు.

తర్వాత పోయినవాళ్ల లిస్టు. శత్రువు చేతిలో పోయినవాళ్లు: సున్నా. జ్వరాలతో పోయినవాళ్లు: పేజీలకు పేజీలు. రెండో పేజీలో ఓబులేసు, తండ్రి పేరు, మా ఊరు. రైలు వంతెన కాపలాలో చలిజ్వరం, పక్కన పోయిన తేదీ. ఆ వంతెన మీద అప్పటికి రైళ్లే నడవడం లేదట.

"మరి ఇంటికి కాగితం ఎందుకు రాలేదు సార్?"

"ఆ నెల ఆఫీసు మళ్లీ మారిందమ్మా. కాగితాల పెట్టెలు గాడిదల మీద వేశారు. కొన్ని చేరలేదు."

చేపల కూర బాగుంది, రెండు ముద్దలు తిని లేచాను. ఆయన ఆ పేజీని తనే ఫొటో తీసి నా ఫోనుకు పంపారు. బస్సు దాకా వచ్చారు.

రెండుంబావుకు తిరుగు బస్సు. సూర్ దాటుతుంటే ఇంటికి ఫోన్ చేశాను. అమ్మ ఫోను అవ్వ చెవి దగ్గర పెట్టింది.

"అవ్వా, మీ నాయన పారిపోలేదు. జ్వరమొచ్చి చనిపోయినాడు. అచ్చు పుస్తకంలోనే ఉండాది."

ఏడుస్తుందనుకున్నాను.

"ఎప్పుడంట?"

"నువ్వు పుట్టిన ఏడాదే అవ్వా."

"అప్పుడే ఆ కాయితం వచ్చింటే మాయమ్మకు పంతొమ్మిదేండ్లకే గాజులు పగలగొట్టింటారు మే" అంది అవ్వ. గొంతులో ఏడుపు లేదు, కొంచెం నవ్వు కూడా ఉంది. "రాలేదు గాబట్టి, డెబ్బై ఏండ్లు బతికి, పోయే దినం గూడా తల్లో పూలు పెట్టుకోనుండె. ఊరోళ్లు పారిపోయినోని పెండ్లామని తిట్టినారు. తిట్టుకుంటానే పెండ్లిండ్లకు పిలిచి బొట్టు పెట్టినారు." తర్వాత పక్కనున్న అమ్మతో, "నా మంచం వాకిట్లో వెయ్యి మే. పొయ్యేటోళ్లకు వచ్చేటోళ్లకు నేనే చెప్తా" అనడం వినపడింది.

బస్సు దిగి టాక్సీ పట్టుకుని ఆరున్నరకు అల్ హైల్ చేరాను. నమాజు పిలుపు ఇంకా మొదలుకాలేదు. అంత లావు పుస్తకంలో ఆ డివిజను ఎవరికైనా చేసిన మేలు ఒక్కటీ దొరకలేదు నాకు. చేసిన మేలు ఒకటుంది, అది అందులో ఎక్కలేదు. మా ఇంటికి ఒక కాగితం చేర్చలేకపోయారు.