దుర్యోధనుడి గొంతు

మొన్న తిరుపతిలో పళ్ల డాక్టరు దగ్గర నా వంతు కోసం కూర్చుని ఉంటే, గోడ మీది టీవీలో ఏదో పాత సినిమా వస్తోంది. జీపులోంచి నలుగురు రౌడీలు దూకారు. అందులో మెలితిప్పిన మీసాలాయన మా మామ. "సంతకం పెడతావా, పెట్టవా?" అని ఎవరినో గద్దించాడు. అంతలో హీరో ఒక్క తన్ను తన్నితే వెళ్లి గడ్డివాములో పడ్డాడు. పక్కన కూర్చున్నావిడ పకపకా నవ్వింది. నర్సు నా పేరు పిలుస్తున్నా లేవలేకపోయాను.

మా అమ్మకు ఒక్కడే తమ్ముడు. చిత్తూరు చుట్టుపక్కల ఊళ్లలో ఎండాకాలం రోజుల తరబడి భారతం జరుగుతుంది. పగలు హరికథ, పొద్దుగూకినాక నాటకం, ఆఖరి రోజు పొద్దున్నే దుర్యోధన వధ. మా మామ వేసేది దుర్యోధనుడే. మైకు ముందుంటే చేత్తో పక్కకు జరిపేసేవాడు. ఆయన పద్యం ఎత్తుకుంటే మామిడితోపు అవతల రోడ్డు మీద బస్సులు ఆగిపోయేవని మా అవ్వ చెప్పేది. కొడుకు విషయంలో అవ్వ కొంచెం పెంచి చెప్పేది. ఒకసారి బస్సు ఆగడం నేనూ చూశాను, కానీ అది టైరు పోయి ఆగింది. ఇంట్లో మాత్రం మామ నోరు విప్పడమే అరుదు. చారు కావాలన్నా గిన్నె వైపు చూసేవాడు తప్ప అడిగేవాడు కాదు. "గొంతు ఊరికే అరగదీసుకోకూడదు పాపా" అనేవాడు నాతో.

అలా ఒక ఏడాది భారతం చూడడానికి వచ్చిన సినిమా ఆయన ఒకరు మామ మొహం చూసి ముచ్చటపడి మద్రాసు రమ్మన్నారు. మామ వెళ్లాడు. మొదటి సినిమా చిత్తూరుకు వచ్చినప్పుడు మామతో సహా ఇంటిల్లిపాదీ మ్యాట్నీకి బయల్దేరాం. అవ్వ అంతవరకు సినిమా హాలు గడప తొక్కలేదు. పెట్టెలోంచి పట్టుచీర తీసి కట్టుకుంది. తెర మీద మామ కనబడగానే మా ఊరివాళ్లు ఈలలు వేశారు. మామ నోరు తెరిచాడు. సన్నగా, ముక్కుతో పలికే ఎవరిదో గొంతు వచ్చింది. ఈలలు ఆగిపోయాయి.

"ఎవుర్రా వాడు? నీ నోట్లో ఎవురు మాట్లాడతా ఉండేది?" అంది అవ్వ, హాలంతా వినబడేలా.

పక్క సీట్లోనే ఉన్న మామ తల దించుకున్నాడు. "సినిమాల్లో అంతేమా. నా యాస పనికిరాదంట. వేరే ఆయప్ప సెప్పినాడు."

"మళ్ల నువ్వెందుకు పోయినావురా ఆడికి?"



అయినా మామ మద్రాసు వదల్లేదు. రౌడీ, జమీందారు మనిషి, పాడె మీద శవం, ఏది ఇస్తే అది వేశాడు. ఒక్క మాటైనా తన గొంతుతో చెప్పనివ్వమని ప్రతి సినిమాకూ అడిగేవాడట. ఈసారికి ఇలా కానివ్వమనేవారట వాళ్లు. లాడ్జిలో పక్కగదివాళ్లు కేకలేస్తారని తలగడలో మొహం పెట్టుకుని పద్యాలు పాడుకునేవాడినని ఒకసారి చెప్తే అమ్మా నేనూ నవ్వాం. ఆయనా నవ్వాడు. ఆ తర్వాత సినిమా వాళ్లంతా హైదరాబాదుకు తరలిపోయారు. మామ ఊరికి వచ్చేశాడు.

వచ్చిన ఏడాదే భారతంలో మళ్లీ దుర్యోధనుడి వేషం ఇస్తామన్నారు. మామ ముఖంలో అంత వెలుగు మళ్లీ నేను చూడలేదు. రిహార్సల్లో రాగం పైకి తీయబోతే గొంతు చీలింది. జలుబనుకుని అమ్మ మిరియాల కషాయం పెట్టింది. వారాలు గడిచినా తగ్గకపోతే వేలూరు ఆసుపత్రికి తీసుకెళ్లాం. క్యాన్సరు. స్వరపేటిక తీసేయాలన్నారు.

ఆపరేషన్‌కు ముందు టేప్‌రికార్డరు పట్టుకుని ఆయన మంచం పక్కన కూర్చున్నాను. "ఒక్క పద్యం పాడు మామా."

"ఈ పగిలిన గొంతా పాపా మీకు మిగలాల్సింది? వద్దు" అన్నాడు బొంగురుగా. నేను ఆయన నోటి నుంచి విన్న చివరి మాట అదే.

ఆ తర్వాత మామ బతికిన కొద్దికాలంలో ఎండాకాలాలు కష్టంగా గడిచాయి. దూరంగా భారతం మైకు వినబడితే కిటికీలు మూసేసేవాడు. ఒకరోజు భారతంలో హార్మోనియం వాయించే ఆయన వచ్చి, "అన్నా, నువ్వు వేషం గట్టి నిలబడు సాలు. పద్యం నేను ఎనకాల్నుంచి పాడతా" అన్నాడు. మామ ఆయన చెయ్యి రెండు చేతులతో పట్టుకుని, వద్దని తల ఊపాడు.

మామ ఇప్పుడు లేడు. అమ్మా లేదు, హార్మోనియం ఆయనా లేడు. ఆ పద్యాలు విన్నవాళ్లలో నేను తప్ప ఇంకెవరైనా మిగిలారేమో తెలియదు. కళ్లు మూసుకుంటే మామ "పాపా" అని పిలుస్తాడు. కానీ కొన్నేళ్లుగా ఆ పిలుపు కూడా ముక్కుతో పలికే ఆ పరాయి గొంతుతోనే వినబడుతోంది. మనిషి పోయిన రోజేదో చెప్పగలను. ఆయన గొంతు నాలోంచి ఎప్పుడు పోయిందో మాత్రం, కాలం నాకు తెలియనివ్వలేదు.