చలి లేని చోటి నుంచి ఫోను

ఈ తెల్లవారుజామున కార్తీక స్నానానికి తొట్టెలో నీళ్లు ఒంటిమీద పోసుకోగానే పళ్లు టకటకలాడాయి. గజపతినగరంలో ఈ ఏటికి ఇదే మొదటి చలి. గీతా పారాయణ గోష్ఠికి వెళితే పక్కింటామె నవ్వుతూ, "ఏటి వదినా, మీ ఆయన ఈ కార్తీకానికైనా వస్తాడా, నేదా?" అంది. "స్వామి దయ" అన్నాను.

మా ఆయన నా మేనత్త కొడుకే కనుక పెళ్లయ్యాకా బావ అనే పిలుస్తాను. వెల్డింగు పనికి ఆఫ్రికా వెళ్లాడు. భూమధ్యరేఖ దగ్గర, దట్టమైన అడవి మధ్య దుంగలు కోసే మిల్లు. "సలి తగిలేసరికి వచ్చేస్తానే" అని చెప్పి వెళ్లాడు. మొదట్లో ఆ అడవి సంగతులు వింతగా చెప్పేవాడు. పొద్దున్న ఉక్క, మధ్యాహ్నం దాటితే వాన, చీకటి పడ్డాకా ఉక్కే. చెట్ల కిందికి ఎండ దిగదు, గాలి ఆడదు, ఉతికిన చొక్కా ఆరదు, తోలు బెల్టుకు బూజు. పగటికీ రాత్రికీ కాస్త తేడా ఉంటుందట గాని, నెలకీ నెలకీ ఉండదట. వైశాఖం ఎండలో గలగలలాడేలా ఎండబెట్టి, వెళ్లేవాళ్లతో నేను పంపిన అప్పడాలు అక్కడ జేబురుమాళ్లయ్యాయి. "మడతెట్టుకుని తిన్నానే" అన్నాడు. ఇద్దరం నవ్వుకున్నాం. ఫోను పెట్టేశాక ఇల్లు మరీ నిశ్శబ్దమైంది.

చలీ వేడీ వచ్చిపోయేవి, ఓర్చుకో అని గీతలో స్వామి చెప్పాడని మా గోష్ఠిలో చిన్నప్పుడే నేర్పారు. ఒకసారి బావకి ధైర్యంగా అదే చెప్పాను. అటు వాన చప్పుడు. "వచ్చింది సరే, పోవాల కదే. ఇక్కడ ఏదీ పోదు" అన్నాడు. స్వామి మాట తప్పదు. ఆ ఓర్పు నాకే చెప్పాడేమో అనుకుని, మర్నాడు ఇంకాస్త గొంతెత్తి పారాయణ చేశాను.

బావ వెళ్లాక వచ్చిన కార్తీకానికి "సలొచ్చేసింది బావా" అన్నాను. "అప్పుడేనేటి? నిన్న గాక మొన్న వచ్చినట్టున్నాదే. ఇంకొక్క యేడుంటాను" అన్నాడు. అబద్ధం కాదది. మామిడి పూత చూడక, తొలివాన మట్టివాసన తగలక, ఏడాది తిరిగిందని ఒంటికెలా తెలుస్తుంది? ఆ పైయేడూ, ఆ తర్వాత ప్రతి యేడూ అదే మాట, అదే ఆశ్చర్యం.

నిన్న సాయంత్రం మళ్లీ "ఇంకొక్క యేడు" అన్నాడు. ఆ అడవిలో వీడియోకి సిగ్నలు అందదు. అందుకే నోటితోనే చెప్పాను: "నా జుట్టు సగం నెరిసిపోయింది బావా."

బావ అడిగాడు: "ఎప్పుడే?"

ఎప్పుడని చెప్పను? ఎండగా, వానగా, చలిగా కాలం నా ఒంటిమీదుగానే నడిచి వెళ్లింది. బావ ఉన్నచోట అది ఇంకా బయల్దేరనే లేదు.